మొవ్వు, గేగు: కరువు తిండిలో దాగిన మన చరిత్ర



మన సంఘం సంచికల్లో వీరుల మీద, పాటల మీద, పండుగల మీద మంచి వ్యాసాలు వస్తుంటాయి. తిండి మీద వచ్చేవి తక్కువ. వచ్చినా అవి పండుగ వంటల గురించే ఉంటాయి. మన పెద్దలు పండుగ తిండి తిన్నది ఏడాదికి నాలుగైదు రోజులు. మిగతా రోజులు, అందులోనూ వానలు మొహం చాటేసిన ఏడాది రోజులు ఎట్లా గడిచాయన్నది కూడా చరిత్రే. ఆ చరిత్రను రాసిపెట్టేవాళ్లు లేకపోతే అది ముసలివాళ్లతోనే పోతుంది. అందుకే ఈసారి ఒక చెట్టు తలలో దాగి ఉండే తిండి గురించి రాస్తున్నాం. చివర్లో వండుకునే పద్ధతి కూడా చెప్తాం.

మొవ్వు అంటే ఏమిటి?

ఈత, తాటి, జీలుగ, కొబ్బరి, ఇవన్నీ ఒకే కుటుంబం చెట్లు. వీటికి వేప, చింత చెట్ల మాదిరిగా కొమ్మలుండవు. కాండం నిటారుగా పోతుంది, కొసన మట్టల గుత్తి ఉంటుంది. ఆ మట్టల నడుమ, ఇంకా ఎండ తగలని లేత ఆకులు ఒకదానిలో ఒకటి ముడుచుకుని ముద్దలాగా ఉంటాయి. దాన్నే మొవ్వు అంటాం. తెల్లగా, మెత్తగా ఉంటుంది. కొరికితే కరకరమంటుంది.

చెట్టు పెరుగుదలంతా ఆ మొవ్వులోనే ఉంటుంది. వేపను నడుముకు నరికినా పక్కనుంచి చిగురు వేస్తుంది. ఈత చెట్టు మొవ్వు తీస్తే మళ్లీ చిగురు ఉండదు, చెట్టు చస్తుంది. కొబ్బరి రైతులు కొమ్ము పురుగును చూసి ఎందుకు భయపడతారో దీన్నిబట్టి తెలుస్తుంది. ఆ పురుగు మొవ్వును తొలుస్తుంది. ఈత చెట్టు గీసే గౌడన్న పనితనం కూడా ఇక్కడే ఉంది. మట్టలు కోసి, మొవ్వు కింద లేత భాగంలో గీత పెడతాడు. ఒక ఏడాది ఒక పక్క, మరుసటి ఏడాది రెండో పక్క. అందుకే గీసిన ఈత చెట్టు కాండం మెట్లు మెట్లుగా కనబడుతుంది. మొవ్వుకు అంత దగ్గర కత్తి పెట్టి కూడా మొవ్వు జోలికి పోడు. కత్తి లోతుకు దిగితే ఆ ఏటి కల్లుతో పాటు చెట్టు కూడా పోతుంది.

కాబట్టి మొవ్వు తినడమంటే చెట్టును తినడమే. ఈ ఒక్క మాట గుర్తుపెట్టుకుంటే కింద చెప్పే చరిత్రంతా అర్థమవుతుంది.

కరువు కాలం రాతలు

చదువుకున్నవాళ్లు రాసిన పుస్తకాల్లో మన తిండి ఎక్కువగా కనబడేది కరువు వచ్చినప్పుడే. తెలుగు నేల మీద చెట్లను తిండిగా వాడుకోవడం గురించి పాత రాత ఒకటి మనకు దొరుకుతుంది. అది మన మెట్ట ప్రాంతానిది కాదు, తూర్పు కోస్తాది. అయినా అందులో ఉన్నది కరువుకు చిక్కిన పేదల బతుకే.

విలియం రాక్స్‌బర్గ్ అనే స్కాట్లండు వైద్యుడు ఈస్టిండియా కంపెనీ కొలువులో 1780లలో సామర్లకోటలో ఉండేవాడు. అక్కడి మొక్కలను, వాటి తెలుగు పేర్లను సేకరించి బొమ్మలు గీయించాడు. కోరమాండల్ తీరపు మొక్కల మీద ఆయన పుస్తకం 1795 నుంచి అచ్చయింది. అందులో చిరుటీత ఉంది. మనం చిట్టీత అని కూడా అంటాం. గుట్టల మీద, ఇసుక నేలల్లో పొదలాగా పెరిగే పొట్టి ఈత అది. దాని కాండం పొట్టిగా ఉంటుంది. ఆ కాండాన్ని చీల్చి, ఎండబెట్టి, రోట్లో దంచి, పీచు వేరు చేసి, మిగిలిన పిండితో పేదలు గంజి కాచుకుంటారని ఆయన రాశాడు. ఆ గంజి చేదుగా ఉంటుందని కూడా రాశాడు. అయినా 1791, 92 కరువులో బియ్యం ధర అందనంత పెరిగి, ఒక్కోసారి అసలు దొరకని రోజుల్లో ఆ గంజే చాలా ప్రాణాలను నిలబెట్టిందని చెప్పాడు. పిండినిచ్చేది అనే అర్థం వచ్చేలా ఆ మొక్కకు ఫారినిఫెరా అని శాస్త్రీయ నామం పెట్టాడు. ఆ పేరు వెనుక రోట్లో దంచిన ఆడవాళ్ల చేతులున్నాయి. వాళ్ల పేర్లు మాత్రం ఏ పుస్తకంలోనూ లేవు.

జీలుగ చెట్టు గురించి కూడా ఆయన రాశాడు. ముదిరిన చెట్టు కాండంలో ఉండే పిండితో కొండల్లోని ప్రజలు రొట్టెలు చేసుకుంటారని, జావ కాచుకుంటారని చెప్పాడు. ఇక్కడ ఆయన రాసిన ఒక మాట మేము పిల్లలకు చాలాసార్లు చెప్తాం. కరువులో ఆ ప్రజలు పెద్దగా బాధపడలేదట, ఆ చెట్లు ఉన్నంత కాలం. చివరి నాలుగు మాటల్లోనే అసలు సంగతి ఉంది. చెట్టును నరికి తింటే అది ఒక్కసారి తిండి. తర్వాత చెట్టూ ఉండదు, తిండీ ఉండదు.

ఇంకో నూటయాభై ఏళ్ల తర్వాత మళ్లీ ఒక రాత కనబడుతుంది. 1940 ప్రాంతంలో నిజాం రాజ్యంలో ఆదివాసుల మధ్య తిరిగిన క్రిస్టాఫ్ ఫాన్ ఫ్యూరర్ హైమెండార్ఫ్ పేరు మీరు పోటీ పరీక్షల పుస్తకాల్లో చదివే ఉంటారు. ఆయన 1943లో అచ్చు వేసిన చెంచుల పుస్తకం మన పాత మహబూబ్‌నగర్ జిల్లా అమ్రాబాద్ పీఠభూమికి చెందినది. నల్లమలలో గడ్డలు తవ్వి, పండ్లు ఏరి, గడ్డలను ఉడికించుకునో నిప్పుల్లో కాల్చుకునో తిన్న బతుకు అందులో ఉంది. 1945లో వచ్చిన కొండరెడ్ల పుస్తకంలో గోదావరి పక్క కొండల్లోని జీలుగ చెట్టు మళ్లీ కనబడుతుంది. ధాన్యం అయిపోయిన ఎండాకాలంలో కొండరెడ్లకు జీలుగు కల్లు ఆకలి తీర్చే ఆహారం. కల్లు రాని చెట్టును, ముదిరిన చెట్టును కొట్టి కాండంలోని గుజ్జుతో పిండి తీసేవారు.

ఇందులో ఒక లెక్క ఉంది, గమనించండి. జీలుగ చెట్టు జీవితంలో ఒక్కసారే పూతకు వస్తుంది. పైనుంచి కిందికి గెలలు వేసుకుంటూ వచ్చి, చివరి గెల అయ్యాక తనే ఎండిపోతుంది. ముదిరిన చెట్టును కొట్టినవాళ్లు ఎట్లాగూ పోయే చెట్టునే కొట్టారు. ఈత అట్లా కాదు. ఏళ్లకేళ్లు కల్లు, పండు, ఆకు ఇస్తుంది. ఏ చెట్టును ఎప్పుడు కొట్టవచ్చో తెలియడం కూడా ఒక చదువే. ఆ చదువుకు సర్టిఫికెట్ లేదు, అంతే తేడా.

మన మెట్టలో ఈత చెట్టు

ఇప్పుడు మన షాద్‌నగర్ దగ్గరికి వద్దాం. ఫరూఖ్‌నగర్ పక్కన ఎదిగిన ఈ ఊరికి హైదరాబాద్ ప్రధానమంత్రిగా పనిచేసిన మహారాజా కిషన్ పర్షాద్ కలం పేరు వచ్చింది. ఆయన షాద్ అనే పేరుతో కవిత్వం రాసేవాడు. 2016 అక్టోబరులో కొత్త జిల్లాలు వచ్చాక మనం రంగారెడ్డి జిల్లాలో ఉన్నాం. కానీ నేల మాత్రం పాలమూరు నేలే. ఎర్ర చెలకలు, రాతి గుట్టలు, వాన మీద ఆధారపడ్డ జొన్నలు, ఆముదాలు. ఈ నేలలో వాగు ఒడ్డున, కుంట కింద, చెలక గట్టు మీద ఎవరూ నీళ్లు పోయకుండా పెరిగేది ఈత.

మన లంబాడా పెద్దలు ఈ నేలకు వ్యవసాయదారులుగా రాలేదు. ఎద్దుల మీద ధాన్యం, ఉప్పు మోసుకుంటూ వచ్చారు. 17వ శతాబ్దంలో ఈ దారుల్లో తిరిగిన ఫ్రెంచి వర్తకుడు టావెర్నియే పది, పన్నెండు వేల ఎద్దులతో కదిలే బిడారులను చూసినట్టు రాశాడు. దేశానికి తిండిని మోసినవాళ్లు మనవాళ్లు. రైలు, రోడ్డు వచ్చాక ఆ బతుకుదెరువు పోయింది. ఊరి భూములు అప్పటికే ఒకరివి. మనకు మిగిలింది ఊరి బయట గుట్ట వాలు, రాళ్ల చెలక. తాండాలు అక్కడ వెలిశాయి. ఈత చెట్లు కూడా అక్కడే ఉన్నాయి.

ఆ చెట్టు నుంచి ఎవరు ఏం తీసుకునేవారో చూడండి. గౌడులు కల్లు. ఎరుకల అక్కలు బరిగెలు తీసి బుట్టలు, గంపలు. తాండా వాళ్లు గుడిసె కప్పుకు మట్టలు, ఇంటికి చీపుర్లు, చాపలు. పిల్లలు ఎండాకాలం చివర ఈత పండ్లు. చెట్టు ఒక్కటే, దాని మీద నాలుగైదు కులాల, తెగల బతుకు. అందరూ చెట్టు బతికి ఉండగానే తీసుకున్నారు.

చెట్టు మీద సర్కారు కన్ను కూడా ఉండేది. నిజాం రాజ్యం ఖజానాకు ఆబ్కారీ పెద్ద రాబడి. 1316 ఫస్లీలో, అంటే 1906-07లో, హైదరాబాద్ ఆబ్కారీ చట్టం వచ్చింది. చెట్టు ఎవరి చెలకలో ఉన్నా దాని కల్లు మీద లెక్క సర్కారుది. చెట్టుకు ఇంత అని పన్ను. 1968లో ఆంధ్రప్రదేశ్ ఎక్సైజ్ చట్టం వచ్చేదాకా ఆ పాత చట్టమే నడిచింది. అటువంటి చెట్టును మొవ్వు కోసం నరికే ధైర్యం ఏ పేదవాడికి ఉంటుంది?

అందుకే మన మెట్టలో మొవ్వు రోజూ వండుకునే కూర కాలేకపోయింది. గాలివానకు చెట్టు కూలితే, బావి తవ్వేటప్పుడు చెట్టు అడ్డం వస్తే, వాగు ఒడ్డును కోసుకుపోతే, అప్పుడు మొవ్వు దొరికేది. కూలిన చెట్టు మొవ్వును ఒక్కరే ఇంటికి పట్టుకుపోయే పద్ధతి లేదని, పిల్లలున్న ప్రతి ఇంటికి ఒక ముక్క పోయేదని తాండాలలో ముసలమ్మలు మాకు చెప్పారు. పచ్చిగానే కొంత, నిప్పుల మీద కాల్చి కొంత, ఉప్పూ కారం వేసి కొంత. చెట్టు పోయిందన్న బాధ, మొవ్వు దొరికిందన్న సంతోషం, రెండూ ఒకేసారి ఉండేవట.

డబ్బాలో వచ్చే మొవ్వు

ఇప్పుడు హైదరాబాద్‌లోని పెద్ద దుకాణాల్లో తాటి జాతి చెట్ల మొవ్వు డబ్బాల్లో, సీసాల్లో ఉప్పునీళ్లలో ఊరుతూ దొరుకుతోంది. దాన్ని కూరగాయలతో కలిపి, పైన చీజు చల్లి, ఓవెన్‌లో కాల్చి పెద్ద హోటళ్లలో వడ్డిస్తారు. చూసినవాళ్లకు అదేదో పరదేశపు కొత్త తిండి అనిపిస్తుంది. నిజానికి అక్కడ కూడా అది మొదట అడవి ప్రజల తిండే. దక్షిణ అమెరికా మూలవాసులు తరతరాలుగా తిన్నదే.

అక్కడి చరిత్రలో మనకొక పాఠం ఉంది. బ్రెజిల్‌లో తూర్పు తీరపు అడవుల్లో జుసారా అనే చెట్టు ఉంది. మన ఈత లాగే ఒంటి కాండం. దాని మొవ్వు రుచి అని డబ్బాల కంపెనీల కోసం నరుక్కుంటూ పోతే చాలా చోట్ల ఆ చెట్టు కనబడకుండా పోయే స్థితి వచ్చింది. ఆ తర్వాత వ్యాపారం పిలకలు వేసే చెట్ల మీదికి మళ్లింది. అసాయి అనే చెట్టు అరటి లాగా గుంపుగా పెరుగుతుంది. ఒక కాండం కొడితే పక్క కాండం లేస్తుంది. అట్లాగే పిలకలు వేసే పీచ్ పామ్ అనే చెట్టును ఈక్వడార్, కోస్టారికా దేశాల్లో తోటలుగా పెంచి మొవ్వు తీస్తున్నారు. మన ఈతకు, తాటికి ఆ పిలకల గుణం లేదు. అందువల్ల డబ్బా వంటను చూసి మనవాళ్లు ఈత మొవ్వును వ్యాపారంగా కొట్టడం మొదలుపెడితే జుసారాకు పట్టిన గతే మన ఈతకు పడుతుంది.

ఇప్పటికే ఈత తగ్గింది. బెంగళూరు రోడ్డు వెడల్పయింది. 2008లో శంషాబాద్ విమానాశ్రయం వచ్చింది. దాని వెంట మన చెలకలు ప్లాట్లయ్యాయి. ప్లాటు చేసేవాడు మొదట తీసేది గట్టు మీది చెట్టునే. చెట్టు కొట్టాలంటే అనుమతి తీసుకోవాలని 2002 నాటి వాల్టా చట్టం చెప్తుంది. 2015 జులై 3న చిలుకూరులో మొదలైన హరితహారంలో ఈత, తాటి మొక్కలు కూడా నాటారు. చట్టం ఉంది, మొక్క ఉంది. కాపాడే మనిషి కావాలి.

చెట్టును చంపని తిండి: గేగు

మరి ఆ రుచి కావాలంటే ఎట్లా? జవాబు మన పెద్దల దగ్గరే ఉంది. దాని పేరు గేగు. కోస్తా వాళ్లు తేగ అంటారు.

శ్రావణ, భాద్రపదాల్లో తాటి పండ్లు రాలుతాయి. పండు తిన్నాక మిగిలిన టెంకలను మెత్తని మట్టి మీద దగ్గర దగ్గరగా పరిచి, పైన కొంచెం మట్టి కప్పుతారు. మొలక పైకి రాకుండా ముందు నేలలోకి దిగుతుంది. మూడు నాలుగు నెలలకు, కార్తీకం నుంచి సంక్రాంతి దాకా, తవ్వితే తెల్లగా, వేలు కంటే లావుగా, కొస దేలిన గేగులు వస్తాయి. గేగును నిలువునా చీలిస్తే నడుమ సన్నని లేత ఆకు ఉంటుంది. కోస్తా పిల్లలు దాన్ని చందమామ అంటారు. ఆ లేత ఆకే పెరిగితే రేపటి చెట్టు మొవ్వు. తల్లి చెట్టు అట్లాగే నిలబడి ఉంటుంది, మరుసటి ఏడాది మళ్లీ పండ్లు రాలుస్తుంది.

పాత పద్ధతిలో గేగులను కుండలో నిలువుగా పేర్చి, మూతికి గడ్డి కుక్కి, కుండను నేల మీద బోర్లించి, చుట్టూ పిడకలు, చెత్త వేసి కాల్చేవారు. నీళ్లు వేయరు. గేగులోని తడితోనే అది మగ్గుతుంది. ఓవెన్‌లో జరిగేది కూడా ఇదే: అన్ని వైపుల నుంచి వేడి, మూసిన గిన్నె, తన తడిలో తాను ఉడకడం. ఇంగ్లీషు పేరు లేదు కాబట్టి మనది మోటు వంట అయింది.

కుండలో కాల్చిన గేగుల కూర

మా వసతి గృహం వంటావిడలతో కలిసి చేసుకున్న పద్ధతి ఇది. ఆరుగురికి సరిపోతుంది.

కావలసినవి: గేగులు పన్నెండు, ఉల్లిగడ్డలు రెండు, టమాటాలు మూడు, పచ్చిమిర్చి నాలుగు, ఎల్లిగడ్డ రెబ్బలు ఆరు, వేయించి దంచిన పల్లీల పొడి మూడు చెంచాలు, నువ్వులు ఒక చెంచా, చద్ది జొన్నరొట్టె ఒకటి, పసుపు, ఉప్పు, కొత్తిమీర, నూనె రెండు చెంచాలు.

మొదట గేగులను ఉప్పు నీళ్లలో మెత్తబడే దాకా ఉడికించండి. కుక్కర్‌లో అయితే నాలుగైదు విజిల్స్. పచ్చి గేగులు నేరుగా కూరలో వేయవద్దు. చల్లారాక పైపొర ఒలిచి, పీచు లాగేసి, అంగుళం ముక్కలు కోయండి. ఉల్లిగడ్డ, టమాట, మిర్చి సన్నగా తరిగి, నలిపిన ఎల్లిగడ్డ, పసుపు, ఉప్పు, పల్లీల పొడి, కొత్తిమీర, సగం నూనె వేసి చేత్తో కలపండి. అందులో గేగు ముక్కలు వేసి మళ్లీ కలపండి.

మట్టి కుండ లోపల మిగిలిన నూనె రాయండి. మోదుగ ఆకులు దొరికితే అడుగున రెండు పరవండి, అడుగంటదు, వాసన కూడా బాగుంటుంది. కలిపినదంతా వేసి చదును చేయండి. ఎండిన జొన్నరొట్టెను చేత్తో పొడి చేసి, నువ్వులు కలిపి పైన చల్లండి. హోటలు వాళ్లు బ్రెడ్డు పొడి, చీజు వేసే చోట మనం వేసేది ఇది. మూకుడు మూసి, సన్నని నిప్పుల మీద పెట్టి, మూకుడు మీద కూడా కొన్ని నిప్పులు వేయండి. అరగంటలో టమాట నీరు ఇగిరి, పైపొర ఎర్రగా కరకరమంటుంది. ఇంట్లో ఓవెన్ ఉంటే గాజు గిన్నెలో 180 డిగ్రీల దగ్గర అరగంట. జొన్నరొట్టెతో బాగుంటుంది, పప్పన్నంలో నంజుకోవడానికీ బాగుంటుంది.

గాలివానకు కూలిన ఈత చెట్టు మొవ్వు దొరికితే ఇదే పద్ధతిలో చేయవచ్చు. మొవ్వు లేతది కనుక ముందుగా పది నిమిషాలు ఉడికిస్తే చాలు. నిలబడి ఉన్న చెట్టు జోలికి మాత్రం పోవద్దు.

మీతో ఒక మాట

1976 చట్టంతో తెలంగాణ లంబాడాలు షెడ్యూల్డు తెగల జాబితాలోకి వచ్చారు. ఆ దారిలోనే మన పిల్లలు వసతి గృహాలకు, కాలేజీలకు, ఉద్యోగాలకు వచ్చారు. అది పెద్ద గెలుపు. దాంతో పాటు చిన్న నష్టం ఒకటి జరుగుతోంది. సెలవుల తర్వాత ఇంటి నుంచి జొన్నరొట్టె, కాల్చిన గేగులు తెచ్చుకున్న ఆడపిల్లలు వాటిని పెట్టెలో దాచుకుని, లైటు తీసేశాక తినడం మేము చూస్తున్నాం. ఎవరైనా నవ్వుతారని భయం. అదే గేగు కూరను కుండలో కాల్చి అందరికీ వడ్డించిన రోజు, రెండోసారి అడిగినవాళ్లలో తాండా చూడని పిల్లలూ ఉన్నారు.

మీరు చేయగలిగినవి మూడు ఉన్నాయి. ఇంట్లో ముసలివాళ్లు ఉంటే, వానలు లేని ఏడాది ఏం తిన్నారో అడిగి, వాళ్ల మాటల్లోనే, మన భాషలో ఉన్న చెట్ల పేర్లతో సహా రాసిపెట్టండి. గోర్ బోలికి లిపి లేదని ఆగవద్దు, తెలుగు అక్షరాల్లో రాయండి. రెండు, మీ తాండా చుట్టూ ఈత, తాటి చెట్లు ఎన్ని మిగిలాయో ఒక ఆదివారం లెక్కపెట్టండి. మూడు, గేగుల కోసం పాతిన ప్రతి పది టెంకల్లో రెండు తవ్వకుండా వదిలేయండి. తాటి చెట్టు పండుకు రావడానికి పదిహేను, ఇరవై ఏళ్లు పడుతుంది. ఈ ఏడాది వదిలిన టెంక మీ పిల్లలు హైస్కూలుకు పోయే నాటికి చెట్టవుతుంది.

కరువులో తిన్నది సిగ్గుపడాల్సిన తిండి కాదు. ఆ తిండి వల్లనే మనం ఈ రోజు ఉన్నాం.